పైన ఎర్రబడింది సరే, లోపల ఉడికిందా? చికెన్ పాస్తా బేక్ వెనుక ఉన్న ఉష్ణశాస్త్రం

సగం ఉడికిన పాస్తా, చికెన్ ముక్కలు, పాలతో చేసిన తెల్లసాస్, పైన తురిమిన చీజ్. వీటిని ఒకే గిన్నెలో పరిచి ఓవెన్‌లో పెడితే అరగంటలో చికెన్ పాస్తా బేక్ తయారవుతుంది. దీన్నే క్యాసరోల్ అని కూడా అంటారు. తెలుగిళ్లలో క్యాసరోల్ అంటే చపాతీలు వేడిగా ఉంచే హాట్‌బాక్స్ గుర్తుకొస్తుంది కానీ, ఫ్రెంచి నుంచి వచ్చిన ఈ మాటకు అసలు అర్థం వంటపాత్ర. ఆ పాత్రలో వండిన వంటకానికీ అదే పేరు స్థిరపడింది.

మసాలా తక్కువ, మెత్తగా ఉంటుంది, పిల్లలు ఇష్టంగా తింటారు. చేయడం కూడా తేలికే. కానీ ఇందులో ఒక చిక్కుంది. పైపొర బంగారు రంగుకు తిరిగి, అంచుల్లో సాస్ కుతకుతలాడుతున్నా గిన్నె నడిమధ్యన చికెన్ ఇంకా పచ్చిగానే ఉండవచ్చు. చక్కగా ఉడికిన వంటకం కూడా వంటింటి గట్టు మీద గంటలకొద్దీ ఉండిపోతే మనుషులను ఆసుపత్రి పాలు చేయవచ్చు. ఈ రెండు సమస్యలకూ మూలం ఒక్కటే. చిక్కటి ఆహారంలో వేడి చాలా నెమ్మదిగా కదులుతుంది. లోపలికి వెళ్లడానికి ఎంత సమయం తీసుకుంటుందో, బయటికి రావడానికీ దాదాపు అంతే తీసుకుంటుంది.

రైలు పట్టాల ఊరిలో ఒక పోలిక

ఈ సంగతి ఛత్తీస్‌గఢ్‌లోని భిలాయ్ వాసులకు సులువుగా అర్థమవుతుంది. సోవియట్ యూనియన్‌తో 1955లో కుదిరిన ఒప్పందం ప్రకారం ఇక్కడ ఉక్కు కర్మాగారం మొదలైంది. తొలి బ్లాస్ట్ ఫర్నేస్‌ను 1959 ఫిబ్రవరి 4న నాటి రాష్ట్రపతి రాజేంద్రప్రసాద్ ప్రారంభించారు. ఉద్యోగాల కోసం ఆంధ్ర ప్రాంతం నుంచి, ముఖ్యంగా ఉత్తరాంధ్ర నుంచి ఎన్నో కుటుంబాలు వచ్చి స్థిరపడ్డాయి. రిసాలి వంటి నివాస ప్రాంతాల్లో ఈనాటికీ తెలుగు వినిపిస్తుంది. ఈ కర్మాగారం భారతీయ రైల్వేలకు పట్టాలు తయారు చేస్తుంది.

పట్టా తయారీలో మొదటి పని, బ్లూమ్ అనే ఉక్కు దిమ్మెను కొలిమిలో మళ్లీ వేడిచేయడం. దిమ్మె ఉపరితలం సుమారు 1200 డిగ్రీల సెల్సియస్‌కు చేరగానే బయటికి తీసేయరు. లోపలి భాగం కూడా బయటి వేడిని అందుకునే దాకా కొలిమిలోనే ఉంచుతారు. పైన ఎర్రగా కాలినా లోపల గట్టిగా ఉన్న దిమ్మెను రోలర్ల మధ్యకు పంపితే పట్టాలో లోపాలు వస్తాయి. పైన కనిపించే రంగు లోపలి వేడికి కొలమానం కాదన్నది ఉక్కు కార్మికులకు తెలిసిన మొదటి పాఠం. పాస్తా బేక్‌కూ ఇదే పాఠం వర్తిస్తుంది.

అయితే ఉక్కు వేడిని త్వరగా ప్రసరింపజేస్తుంది, ఆహారం అలా కాదు. ఒక పదార్థంలో వేడి ఎంత త్వరగా వ్యాపిస్తుందో చెప్పే కొలమానాన్ని ఉష్ణ వ్యాపకత అంటారు. తడి ఎక్కువగా ఉండే ఆహార పదార్థాల్లో ఇది సెకనుకు సుమారు 0.14 చదరపు మిల్లీమీటర్లు. సాధారణ ఉక్కులో 12 దాకా ఉంటుంది, అంటే 80 రెట్లకు పైనే.

లోతు రెట్టింపైతే సమయం నాలుగింతలు

ఘనపదార్థంలో వేడి ఎలా ప్రసరిస్తుందో గణితరూపంలో వివరించినవాడు ఫ్రెంచి శాస్త్రవేత్త జోసెఫ్ ఫోరియర్. ఆయన గ్రంథం 1822లో వెలువడింది. ఆ గణితం ప్రకారం వేడి మధ్యభాగానికి చేరే సమయం మందం మీద కాదు, మందం వర్గం మీద ఆధారపడుతుంది.

ఒక అంచనా వేసి చూడవచ్చు. గిన్నెలో ఆహారం 3 సెంటీమీటర్ల లోతున ఉందనీ, పై నుంచీ కింద నుంచీ వేడి తగులుతోందనీ అనుకుందాం. అప్పుడు వేడి మధ్యకు చేరడానికి ప్రయాణించాల్సిన దూరం 1.5 సెంటీమీటర్లు. మిల్లీమీటర్లలో 15. దాని వర్గం 225. దాన్ని 0.14తో భాగిస్తే సుమారు 1600 సెకన్లు, అంటే 27 నిమిషాలు వస్తుంది. ఉపరితలం, మధ్యభాగాల మధ్య ఉన్న తేడాలో దాదాపు తొంభై శాతం తగ్గడానికి పట్టే సమయమిది. అదే ఆహారాన్ని ఇరుకైన గిన్నెలో 6 సెంటీమీటర్ల లోతున నింపితే ఈ లెక్క 107 నిమిషాలకు చేరుతుంది. అంత మందం ఉన్న ఉక్కు పలకకు ఒకటిన్నర నిమిషం చాలు.

చారు కాచేటప్పుడు ఈ ఇబ్బంది ఎందుకు ఉండదు? పలుచటి ద్రవంలో అడుగున వేడెక్కిన భాగం పైకి లేస్తుంది, పైనున్న చల్లటి భాగం కిందికి దిగుతుంది. ఈ కదలికతో వేడి గిన్నెంతా పరుచుకుంటుంది. దీన్ని సంవహనం అంటారు. తెల్లసాస్ చిక్కబడగానే ఈ కదలిక ఆగిపోతుంది. ఇక వేడి ఒక పొర నుంచి పక్క పొరకు అందుకుంటూ పోవాల్సిందే. అందుకే పాస్తా బేక్‌ను ద్రవంగా కాక, మెత్తటి ఘనపదార్థంగా చూడాలి.

చిక్కదనం ఎక్కడి నుంచి వస్తుంది?

మైదాలోని పిండిపదార్థం కంటికి కనిపించనంత చిన్న రేణువుల రూపంలో ఉంటుంది. నీటిలో సుమారు 55 నుంచి 65 డిగ్రీల మధ్య ఇవి నీరు పీల్చుకుని ఉబ్బడం మొదలుపెడతాయి. వేడి ఇంకా పెరిగి మరుగుకు దగ్గరైనప్పుడు సాస్ చిక్కబడుతుంది. మైదాను నేరుగా వేడి పాలలో వేస్తే ఉండ కడుతుంది. పిండి ముద్ద బయటి పొర ముందుగా ఉబ్బి జిగురుగా మారి, లోపలి పిండికి నీరు చేరకుండా అడ్డుపడడమే దీనికి కారణం. ముందుగా మైదాను వెన్నలో వేయిస్తే ప్రతి రేణువు చుట్టూ కొవ్వు పొర ఏర్పడి అవి విడివిడిగా ఉంటాయి. తర్వాత పాలు కొద్దికొద్దిగా పోస్తూ కలిపితే సాస్ నున్నగా వస్తుంది.

పాస్తాను సాధారణంగా డ్యూరమ్ అనే గట్టి గోధుమ రవ్వతో చేస్తారు. ఛత్తీస్‌గఢ్‌కు పొరుగున ఉన్న మధ్యప్రదేశ్‌లో ఈ గోధుమ పండుతుంది. దీనిలోని ప్రోటీన్లు గట్టి వలలా అల్లుకుని పిండిపదార్థాన్ని పట్టి ఉంచుతాయి. అందువల్ల ఉడికినా పాస్తా విచ్చుకుపోదు. ప్యాకెట్ మీద రాసిన సమయం కన్నా రెండు మూడు నిమిషాల ముందే పాస్తాను దించేయాలి. మిగిలిన నీటిని ఓవెన్‌లో సాస్ నుంచి పీల్చుకుంటుంది. ఈ కారణంగానే సాస్‌ను కాస్త పలుచగా ఉంచాలి. మొదట్లోనే గట్టిగా ఉన్న సాస్ ఓవెన్ నుంచి బయటికి వచ్చేసరికి ఎండిపోతుంది.

చికెన్‌ను ముందే ఉడికించాలి

పచ్చి కోడిమాంసంలో సాల్మొనెల్లా, క్యాంపైలోబ్యాక్టర్ వంటి బ్యాక్టీరియాలు ఉండవచ్చు. ముక్క మధ్యభాగం 74 డిగ్రీలకు చేరితే తినడానికి సురక్షితమని అమెరికా వ్యవసాయ శాఖ సూచిస్తుంది. గులాబీ రంగు పోయిందా లేదా అన్నది నమ్మదగిన గుర్తు కాదు. ముక్కలో గుచ్చి చూసే వంట థర్మామీటర్ ఒక్కటే ఖచ్చితంగా చెప్పగలదు.

పై లెక్కను ఇక్కడ వాడుకోవచ్చు. పచ్చి ముక్కలను సాస్‌లో కలిపి ఓవెన్‌లో పెడితే గిన్నె నడుమ ఉన్న ముక్క 74 డిగ్రీలకు చేరేలోగా అంచుల్లోని ముక్కలు ఎండి పీచుగా మారతాయి. మాంసంలోని ప్రోటీన్లు సుమారు 50 డిగ్రీల నుంచి బిగుసుకోవడం మొదలుపెడతాయి. వేడి పెరిగే కొద్దీ ముడుచుకుని నీటిని బయటికి నెడతాయి. రొమ్ము భాగంలో కొవ్వు తక్కువ కాబట్టి ఈ తేడా వెంటనే తెలుస్తుంది. తొడ భాగంలోని కొల్లాజెన్ వేడికి మెత్తబడి జెలటిన్‌గా మారుతుంది కనుక అది కాస్త ఎక్కువ వేడిని తట్టుకుంటుంది.

అందువల్ల చికెన్‌ను చిన్న ముక్కలుగా కోసి, పెనం మీద పూర్తిగా ఉడికించాకే సాస్‌లో కలపాలి. వేడి చికెన్, వేడి సాస్, వేడి పాస్తా కలిసినప్పుడు గిన్నె మధ్యభాగం మొదటి నుంచే వేడిగా ఉంటుంది. అప్పుడు ఓవెన్‌కు మిగిలేది పైపొర పని మాత్రమే. పచ్చి చికెన్‌ను ధారగా పడే కుళాయి కింద కడిగితే తుంపరలతో పాటు బ్యాక్టీరియా సింకు చుట్టూ చేరుతుంది. కడగక తప్పదనుకుంటే గిన్నెలో నీళ్లు పోసి నెమ్మదిగా కడిగి, ఆ తర్వాత సింకును, చేతులను సబ్బుతో శుభ్రం చేసుకోవాలి.

బంగారు రంగు పైపొరకే ఎందుకు?

ఓవెన్ వేడి 180 డిగ్రీలున్నా గిన్నె లోపలి భాగం 100 డిగ్రీలు దాటదు. అక్కడ నీరు ఉన్నంతసేపు, అందిన వేడి ఆ నీటిని ఆవిరి చేయడానికే ఖర్చవుతుంది. పైపొర ఆరిపోయిన తర్వాత మాత్రమే అక్కడి ఉష్ణోగ్రత 140 డిగ్రీలకు, ఆపైకి పెరుగుతుంది. అప్పుడు చీజ్‌లోని అమైనో ఆమ్లాలు, పాల చక్కెరలు కలిసి గోధుమ రంగునూ కమ్మటి వాసననూ ఇచ్చే వందలాది పదార్థాలుగా మారతాయి. ఈ చర్యను 1912లో వివరించిన ఫ్రెంచి రసాయన శాస్త్రవేత్త లూయీ కమీల్ మయార్ పేరుతోనే దీన్ని మయార్ చర్య అంటారు. దోసె ఎర్రగా కాలడంలోనూ ఉన్నది ఇదే. కాబట్టి బంగారు రంగు చెప్పేది ఒక్కటే, పైన తడి ఆరిందని. లోపల ఏం జరిగిందో అది చెప్పదు.

పొయ్యి దిగాక మొదలయ్యే ప్రమాదం

బేసిల్లస్ సిరియస్ అనే బ్యాక్టీరియా మట్టిలోనూ ధాన్యంలోనూ సహజంగా ఉంటుంది. వంట వేడికి బ్యాక్టీరియా చనిపోయినా దాని స్పోర్లు, అంటే గట్టి కవచం ఉన్న సిద్ధబీజాలు, బతికి ఉంటాయి. ఆహారం గోరువెచ్చగా ఉన్నప్పుడు ఇవి మేల్కొని పెరుగుతాయి. అన్నం, పాస్తా వంటి పిండిపదార్థాలు వీటికి అనుకూలం. వీటిలో కొన్ని రకాలు సెరియులైడ్ అనే విషాన్ని విడుదల చేస్తాయి. ఈ విషం 121 డిగ్రీల వేడిని కూడా తట్టుకుంటుంది. అంటే మిగిలిన పాస్తాను మళ్లీ ఎంత వేడిచేసినా విషం పోదు.

ఇది ఊహాజనితమైన భయం కాదు. 2008లో బెల్జియంలోని బ్రస్సెల్స్‌లో 20 ఏళ్ల యువకుడు, ఐదు రోజులు గది ఉష్ణోగ్రతలో ఉంచిన స్పఘెట్టిని వేడిచేసుకుని తిని, మర్నాటికల్లా మరణించాడు. ఈ ఉదంతాన్ని వివరించిన వ్యాసం 2011లో ఒక వైద్య సూక్ష్మజీవశాస్త్ర పత్రికలో వచ్చింది. ఇలాంటి మరణాలు అరుదే. వాంతులు, విరేచనాలు మాత్రం అరుదు కాదు.

సాధారణంగా 5 నుంచి 60 డిగ్రీల మధ్య ఉష్ణోగ్రతను ప్రమాద మండలం అంటారు. వండిన ఆహారం ఈ మండలంలో రెండు గంటలకు మించి ఉండకూడదు. పరిసరాలు 32 డిగ్రీలు దాటితే ఆ గడువు ఒక్క గంటే. భిలాయ్‌లో మే నెలలో పగటి ఉష్ణోగ్రత 42 డిగ్రీలు దాటడం మామూలే. వస్తువు చల్లబడే వేగం దానికీ పరిసరాలకూ ఉన్న తేడా మీద ఆధారపడుతుంది. 75 డిగ్రీల వంటకానికీ 25 డిగ్రీల గదికీ తేడా 50. అదే 42 డిగ్రీల వంటింట్లో తేడా 33 మాత్రమే. పైగా ఆ వంటింట్లో ఎంతసేపు ఉంచినా వంటకం 42 కన్నా కిందికి దిగదు. ‘చల్లారనిచ్చి ఫ్రిజ్‌లో పెడదాం’ అని ఎదురుచూసే అలవాటు వేసవిలో ఇలా బెడిసికొడుతుంది.

లోతు గిన్నె ఈ సమస్యను ఇంకా పెంచుతుంది. 3 సెంటీమీటర్ల పొరతో పోలిస్తే 6 సెంటీమీటర్ల పొర చల్లబడడానికి కనీసం రెట్టింపు, పరిస్థితిని బట్టి నాలుగు రెట్ల దాకా సమయం పడుతుంది. ఇక హాట్‌బాక్స్‌లో దాచడం అంటే వేడిని బయటికి పోనీయకుండా ఆహారాన్ని గంటల తరబడి గోరువెచ్చగా ఉంచడమే. చపాతీలకు పనికొచ్చే క్యాసరోల్ మిగిలిన చికెన్ పాస్తాకు పనికిరాదు.

ఇంట్లో చేసుకునే పద్ధతి

నలుగురైదుగురికి 250 గ్రాముల పాస్తా, ఎముకలు లేని చికెన్ 400 గ్రాములు, వెన్న 40 గ్రాములు, మైదా 40 గ్రాములు, పాలు 600 మిల్లీలీటర్లు, చీజ్ 120 గ్రాములు సరిపోతాయి. ఉల్లి, వెల్లుల్లి, మిరియాలు, ఉప్పు రుచికి తగినంత.

ముందుగా ఓవెన్‌ను 180 డిగ్రీలకు వేడిచేసుకోవాలి. చికెన్ ముక్కలను ఉల్లి, వెల్లుల్లితో పెనం మీద వేయించి, మధ్యలోనూ పూర్తిగా ఉడికేలా చూసుకోవాలి. పాస్తాను ఉప్పునీటిలో కాస్త పలుకుగా ఉడికించి వార్చాలి. వెన్నలో మైదా వేయించి, పాలు కొద్దికొద్దిగా పోస్తూ సాస్ గరిటెకు పలుచగా అంటుకునే దాకా కాయాలి. మిరియాల పొడి, సగం చీజ్ అందులో కలపాలి. మూడింటినీ వేడిగా ఉండగానే కలిపి, 20 సెంటీమీటర్ల వెడల్పు, 28 సెంటీమీటర్ల పొడవు ఉన్న గిన్నెలో పరిస్తే లోతు దాదాపు 3 సెంటీమీటర్లు వస్తుంది. మిగిలిన చీజ్ పైన చల్లి 20 నుంచి 25 నిమిషాలు ఓవెన్‌లో ఉంచాలి. బయటికి తీశాక పది నిమిషాలు ఆగితే సాస్ కుదురుకుని ముక్కలుగా తీయడానికి వీలవుతుంది.

తినగా మిగిలినదాన్ని వెంటనే రెండు మూడు పలుచటి డబ్బాల్లోకి సర్ది, ఫ్యాన్ గాలికో కూలర్ ముందో కాసేపు ఉంచి, గంటలోపే ఫ్రిజ్‌లో పెట్టాలి. కొద్దిగా వెచ్చగా ఉన్నా ఫర్వాలేదు, డబ్బాల మధ్య గాలి ఆడితే చాలు. రెండు మూడు రోజుల్లో తినేయాలి. తినే ముందు, కావలసినంత మాత్రమే తీసి మధ్యభాగం 74 డిగ్రీలకు చేరేలా వేడిచేసుకోవాలి. రాత్రంతా గట్టు మీద ఉండిపోయిన గిన్నెను మాత్రం, వాసన బాగానే ఉన్నా, మళ్లీ వేడిచేయకుండా పారేయడమే సరైన పని.