విశాఖ రేవున కాప్తెను లిండు

మా తుళ్లూరు ప్రాంతముతోఁగూడ గుంటూరు సర్కారు 1788లో కుంఫిణీవశమయ్యెను. పదునారేండ్లకు ఆ కుంఫిణీ సరకునోడలకు కావలిగా ఆంగ్ల నౌకాధికారి జేమ్సు లిండు ‘సెంచూరియన్’తో విశాఖ రేవుకు వచ్చెను. 1804 సెప్టెంబరు 15న ఫ్రెంచి నౌకాసేనాని లినోయి మూడు యుద్ధనౌకలతో పైఁబడెను. పరదేశుల వర్తకవైరమునకు తెలుగు తీరము రణరంగమయ్యెను.

అప్పుడు లిండు ఒడ్డుననుండెను. పోరు నడపినవాఁడు లెఫ్టినెంటు ఫిలిప్సు. గుండ్ల నడుమ పడవలో లిండు తన యోడఁ జేరిన సాహసమును మేము కాదనము. కాని, కాపాడవలసిన ‘బార్నబాస్’ ఒడ్డునఁ బగిలెను. ‘ప్రిన్సెస్ షార్లటు’ శత్రువునకు లొంగెను. కావలియోడ మాత్రము మిగిలెను! పిమ్మట లిండు ‘సర్’ జేమ్సు లిండయ్యెను. అతఁడు వచ్చువఱకు ఓడను నిలిపిన ఫిలిప్సు పేరు నేఁడెందఱెఱుఁగుదురు?