అందుకోవాలంటే వేగం తగ్గించాలి

1965 జూన్ 3న జెమిని 4 వ్యోమనౌక భూకక్ష్యలోకి చేరగానే అందులోని వ్యోమగామి జేమ్స్ మెక్‌డివిట్‌కు ఒక పని ఉంది. తమను మోసుకొచ్చిన టైటన్ రాకెట్ చివరి దశ కనుచూపు మేరలోనే తేలుతోంది. దాని దగ్గరికి వెళ్లాలి. కనబడుతోంది కదా అని నౌకను అటు తిప్పి ఇంజిన్లు వెలిగించాడు. దగ్గరవాల్సింది పోయి దూరం పెరిగింది. మళ్లీ వెలిగించినా అదే వరస. ఇంధనం కరిగిపోతుంటే ప్రయత్నం మానుకోక తప్పలేదు.

కక్ష్యలో వేగం పెంచితే నౌక పైకెక్కుతుంది. పైన దారి పొడవు, నడక నిదానం. అందుకే వెనకబడుతుంది. ముందున్నదాన్ని అందుకోవాలంటే వేగం తగ్గించి, కిందికి దిగి, పొట్టి దారిలో చుట్టి రావాలి. కక్ష్యలో ఇలా కలుసుకోవడం ఎలాగన్న అంశం మీదే 1963లో ఎంఐటీ నుంచి డాక్టరేట్ అందుకున్నాడు వ్యోమగామి బజ్ ఆల్డ్రిన్. అమెరికా, సోవియట్ యూనియన్ల చంద్రయాత్ర పోటీని కంప్యూటర్ ఆటగా మలిచిన 'రేస్ ఇంటూ స్పేస్' 1993లో ఆయన పేరుతోనే వచ్చింది. అందులో ఆటగాడు బడ్జెట్ పంచుతాడు, పరిశోధన చేయిస్తాడు. రాకెట్ ఎగిరాక మాత్రం విజయమో వైఫల్యమో తెరమీద చూడటమే.

రాకెట్ పగ్గాలను ఆటగాడి చేతికే ఇచ్చిన గేమ్ 'కెర్బల్ స్పేస్ ప్రోగ్రామ్'. మెక్సికో నగరంలోని స్క్వాడ్ అనే మార్కెటింగ్ సంస్థలో పనిచేస్తూ ఫెలిపె ఫలాంగె దీన్ని మొదలుపెట్టాడు. 2011లో తొలిసారి జనం ముందుకొచ్చింది, 2015లో పూర్తి రూపం దిద్దుకుంది. కెర్బిన్ అనే గ్రహం మీద ఆకుపచ్చ రంగు పొట్టి మనుషులుంటారు. వాళ్ల కోసం ట్యాంకులు, ఇంజిన్లు, పారాచూట్లు ఒకదానికొకటి తగిలించి రాకెట్ కట్టాలి.

కొత్తవాళ్లు దాన్ని నిటారుగా పైకి పంపుతారు. గాలి పొర దాటుతుంది, నల్లటి ఆకాశం కనబడుతుంది, కాసేపటికి తిరిగి కింద పడుతుంది. కెర్బిన్ వ్యాసార్థం 600 కిలోమీటర్లే, గాలి 70 కిలోమీటర్ల ఎత్తులోనే అయిపోతుంది. అయినా కిందపడకుండా ఉండాలంటే అక్కడ అడ్డంగా సెకనుకు దాదాపు 2,300 మీటర్ల వేగం కావాలి. ఎత్తు కన్నా పక్కకు దూసుకుపోవడమే ముఖ్యమని పుస్తకం చదివి ఒప్పుకోవడం వేరు, రాకెట్ మెల్లగా వంచుతూ పట్టు సాధించడం వేరు. ఈ గేమ్ గొప్పతనమంతా అక్కడే ఉంది.

మ్యాప్ తెరిస్తే నౌక దారి నీలి గీతలా కనిపిస్తుంది. గీత మీద ఒకచోట నొక్కి, అక్కడ కనిపించే పిడిని లాగితే, ఆ చోట ఇంజిన్ వెలిగిస్తే దారి ఎలా మారుతుందో చుక్కల గీత చూపిస్తుంది. గ్రహానికి అతి దగ్గరగా ఉన్నచోట వెలిగిస్తే అదే ఇంధనంతో ఎక్కువ ఫలితం వస్తుందని ఇలా లాగి చూస్తుంటేనే అర్థమవుతుంది. 2013 నవంబర్ 5న శ్రీహరికోట నుంచి వెళ్లిన మంగళయాన్ పాటించిందీ ఈ సూత్రమే. నేరుగా అంగారకుడి వైపు విసిరే శక్తి పీఎస్ఎల్వీకి లేదు. అందుకే భూమికి దగ్గరగా వచ్చినప్పుడల్లా ఇంజిన్ వెలిగిస్తూ కక్ష్యను సాగదీసి, డిసెంబర్ 1న భూమిని వదిలింది.

నాసా కూడా కెర్బల్‌తో చేయి కలిపింది. గ్రహశకలాన్ని పట్టి తెచ్చే ప్రణాళిక 2014లో ఇందులో ఆటగా వచ్చింది.

చేరడం ఒక ఎత్తు, బతకడం మరో ఎత్తు. బల్గేరియాకు చెందిన హెమిమాంట్ గేమ్స్ 2018లో తెచ్చిన 'సర్వైవింగ్ మార్స్' ఆ రెండోదాని గురించి. ఆ గేమ్‌లో యాత్రకు పెట్టుబడి పెట్టే దేశాల్లో భారత్ కూడా ఉంది. ముందు డ్రోన్లు వెళ్లి కరెంటు, నీళ్లు, గాలి సిద్ధం చేయాలి, ఆ తర్వాతే మనుషులు. ధూళి తుఫాను వస్తే ఆక్సిజన్ తీసే మాక్సీ యంత్రాలు ఆగిపోతాయి, ట్యాంకుల్లో దాచిందే దిక్కు. ఆ పేరు కల్పితం కాదు. నాసా పర్సెవరెన్స్ రోవర్‌లోని మాక్సీ అంగారకుడి గాలి నుంచి నిజంగానే ఆక్సిజన్ తీసింది, 2023లో పని ముగిసేనాటికి మొత్తం 122 గ్రాములు. ఊరంతటికీ ఊపిరి పోసే గేమ్‌లోని యంత్రానికీ దీనికీ ఎంత దూరముందో ఆ అంకే చెబుతుంది.

కెర్బల్‌కూ ఇలాంటి పరిమితి ఉంది. లెక్క తేలికయ్యేందుకు అది ఒక్కసారికి ఒక్క గోళం ఆకర్షణనే చూస్తుంది. సూర్యుడూ భూమీ కలిసి లాగితేనే ఏర్పడే ఎల్1 లాంటి బిందువు అందులో ఉండదు. అంటే 2023 సెప్టెంబర్ 2న శ్రీహరికోట నుంచి బయల్దేరిన ఆదిత్య ఎల్1 యాత్రను అందులో ఉన్నదున్నట్టు ఆడలేం. ఆ లోటు పూడ్చడానికి అభిమానులే 'ప్రిన్సిపియా' అనే అదనపు ప్రోగ్రామ్ రాసుకున్నారు. దాంతో అన్ని గోళాలూ ఒకేసారి నౌకను లాగుతాయి.