నేరానికి మతం పేరు పెడితే

2025 జులైలో పది రోజుల తేడాతో రెండు తీర్పులు వచ్చాయి. 21న బొంబాయి హైకోర్టు, 2006 నాటి ముంబయి లోకల్ రైళ్ల పేలుళ్ల కేసులో కింది కోర్టు దోషులుగా తేల్చిన 12 మందినీ నిర్దోషులని ప్రకటించింది. ఆ పేలుళ్లలో 180 మందికి పైగా చనిపోయారు. 31న ముంబయిలోని జాతీయ దర్యాప్తు సంస్థ (ఎన్ఐఏ) ప్రత్యేక కోర్టు, 2008 మాలెగావ్ పేలుడు కేసులో ఏడుగురు నిందితులనూ నిర్దోషులుగా విడిచిపెట్టింది. మాలెగావ్‌లో పోయినవి ఆరు ప్రాణాలు. మొదటి కేసులో నిందితులు ముస్లింలు, రెండో కేసులో హిందువులు. మొదటి తీర్పు మీద మహారాష్ట్ర ప్రభుత్వం రోజుల్లోనే సుప్రీంకోర్టు తలుపు తట్టింది. రెండో తీర్పు రాగానే, ఉగ్రవాదం ఎన్నడూ కాషాయం కాదని తేలిపోయిందంటూ పాలక పక్ష నాయకులు సంతోషించారు. అటువైపు వారు ఒక తీర్పులో న్యాయం, మరో తీర్పులో అన్యాయం చూశారు. ఇన్ని మాటల మధ్య ఎవరూ గట్టిగా అడగని ప్రశ్న ఒక్కటే మిగిలింది. మరి ఆ బాంబులు పెట్టిందెవరు? రెండు చోట్లా చచ్చిపోయినవారి కుటుంబాలకు పదిహేడేళ్ల తరవాతా, పందొమ్మిదేళ్ల తరవాతా అందాల్సిన జవాబు అదే. అది అందకపోవడానికి కారణాలు చాలా ఉన్నాయి గానీ, వాటిలో ఒకదాన్ని మనం రోజూ మన నోటితోనే పెంచి పోషిస్తున్నాం. నేరం పక్కన మతం పేరు చేర్చి పలికే అలవాటు అది. ‘ఇస్లామిక్ ఉగ్రవాదం’, ‘కాషాయ ఉగ్రవాదం’, ‘జిహాదీలు’, ‘హిందూ తాలిబన్లు’ లాంటి ముద్రలు నేరాన్ని మరింత స్పష్టంగా చూపిస్తాయని వాడేవారు నమ్ముతారు. మన దేశంలో గత రెండు దశాబ్దాల కేసుల చరిత్ర మాత్రం అవి నేరాన్ని కప్పిపెట్టాయని చెబుతోంది.

చట్టం ఈ విషయంలో మనకంటే జాగ్రత్తగా మాట్లాడుతుంది. చట్టవ్యతిరేక కార్యకలాపాల నిరోధక చట్టం, అంటే వాడుకలో ‘ఉపా’, 1967లో వచ్చింది. ఉగ్రవాద చర్యలకు సంబంధించిన భాగాన్ని 2004లో చేర్చారు. ఉగ్రవాద చర్య అంటే ఏమిటో దాని 15వ సెక్షన్ చెబుతుంది. దేశ సమైక్యతకు, భద్రతకు, సార్వభౌమత్వానికి ముప్పు తేవాలనో, ప్రజల్లో భయోత్పాతం పుట్టించాలనో బాంబులు, మారణాయుధాలు, విషవాయువుల వంటివాటితో ప్రాణాలు తీయడం, ఆస్తులు ధ్వంసం చేయడం అని దాని సారాంశం. ఈ చట్టం మంచిచెడ్డల మీద తీవ్రమైన వాదాలున్నాయి, ఉండాలి కూడా. కానీ ఆ నిర్వచనంలో ఏ మతం పేరూ లేదు. ఎవరు చేశారు, ఏం చేశారు, ఏ ఉద్దేశంతో చేశారు అన్న మూడింటినే అది చూడమంటుంది. కోర్టులో అభియోగం మోపాలంటే మనిషి కావాలి, చర్య కావాలి, సాక్ష్యం కావాలి. విశేషణం మీద అభియోగపత్రం దాఖలు చేయడం కుదరదు. పత్రికా శీర్షికలోనూ, ఎన్నికల సభలోనూ మాత్రం కుదురుతుంది. అక్కడ అది నేరుగా ఒక సమాజం మొత్తం మీద దాఖలవుతుంది.

ఈ మాట తెలుగువారికి దూరపు సంగతి కాదు. 2007 మే 18, శుక్రవారం. హైదరాబాద్ మక్కా మసీదులో మధ్యాహ్నం నమాజు వేళ బాంబు పేలి తొమ్మిది మంది చనిపోయారు. తరవాత జరిగిన ఆందోళన మీద పోలీసులు కాల్పులు జరిపితే మరో ఐదుగురు పోయారు. నమాజు చేస్తున్నవారి మధ్యనే బాంబు పెట్టినా, అనుమానం మాత్రం ఆ నమాజు చేసేవారి పిల్లల మీదికే వెళ్లింది. పాతబస్తీలో పదులకొద్దీ యువకులను పట్టుకెళ్లారు, కుట్ర కేసులు పెట్టారు. కస్టడీలో చిత్రహింసలు పెట్టారన్న ఫిర్యాదుల మీద రాష్ట్ర మైనారిటీల కమిషన్ విచారణ చేయించింది. కోర్టులో ఆ కేసులు నిలవలేదు. చివరికి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వమే, జాతీయ మైనారిటీల కమిషన్ సిఫారసు మేరకు, నిర్దోషులుగా బయటపడ్డ 20 మందికి తలా 3 లక్షల రూపాయలు, పట్టుకెళ్లి వదిలేసిన మరో 50 మందికి తలా 20 వేలు పరిహారంగా ఇచ్చింది. 2013లో హైకోర్టు ఆ పరిహారాన్ని రద్దు చేసింది. ఒక యువకుడి చదువు ఆగిపోవడం, పెళ్లి సంబంధం తప్పిపోవడం, ఉద్యోగం ఇచ్చేవాడు పేరు చూసి వెనకాడడం ఏ ఉత్తర్వులోనూ లెక్కకు రావు. ఇక్కడ ముద్ర చేసిన మొదటి అపకారం ఇదే. దర్యాప్తు మొదలుకాకముందే ఎక్కడ వెతకాలో అది చెప్పేసింది. అటు వెతికినంత కాలం ఇంకెక్కడా వెతకలేదు. ఆ నెలల్లో చెదిరిపోయిన ఆనవాళ్లు మళ్లీ దొరికేవి కావు.

తరవాత కేసు సీబీఐ చేతికి, అక్కడినుంచి ఎన్ఐఏ చేతికి వెళ్లింది. ఈసారి అరెస్టయినవారు హిందూ సంస్థలతో సంబంధాలున్నవారు, వారిలో స్వామి అసీమానంద్ ఒకరు. ఆయన ఇచ్చిన వాంగ్మూలాన్ని ఆ తరవాత ఆయనే వెనక్కి తీసుకున్నారు. 2018 ఏప్రిల్ 16న నాంపల్లి ప్రత్యేక కోర్టు ఆయనతో సహా ఐదుగురినీ నిర్దోషులని తేల్చింది. ఈ రెండో దశలో మరో ముద్ర పనిచేసింది. 2010 ఆగస్టు 25న ఢిల్లీలో రాష్ట్రాల పోలీసు ఉన్నతాధికారుల సమావేశంలో అప్పటి హోం మంత్రి చిదంబరం ‘కాషాయ ఉగ్రవాదం’ అన్న మాట వాడారు. కొన్ని పేలుళ్లలో కొందరు వ్యక్తుల పాత్ర గురించి దర్యాప్తు సంస్థలకు ఆధారాలు దొరుకుతున్న సమయం అది. ఆ ఆధారాల గురించి మాట్లాడవలసిన మంత్రి ఒక రంగు గురించి మాట్లాడారు. ఆ క్షణం నుంచి చర్చ అంతా రంగు చుట్టూనే తిరిగింది. సొంత పార్టీ కాంగ్రెస్ కూడా ఆ మాటకు దూరం జరిగింది. 2013 జనవరిలో జైపూర్‌లో మరో హోం మంత్రి షిండే ‘హిందూ ఉగ్రవాదం’ అన్నారు, మరుసటి నెల విచారం వ్యక్తం చేశారు. కానీ జరగాల్సింది జరిగిపోయింది. ప్రతి నిర్దోషి తీర్పునూ ఒక మతానికి దొరికిన నిర్దోషిత్వ పత్రంగా, ప్రతి అరెస్టునూ ఒక మతం మీద దాడిగా చదవడం అలవాటైంది. 2007 అజ్మీర్ దర్గా పేలుడు కేసులో 2017లో జైపూర్ కోర్టు ముగ్గురిని దోషులుగా తేల్చింది. వారిలో ఒకరు అప్పటికే చనిపోయారు, మిగతా ఇద్దరికీ యావజ్జీవ శిక్ష వేసింది. అదే కేసులో సాక్ష్యం చాలదని మరికొందరిని వదిలేసింది. సాక్ష్యాన్ని బట్టి మనుషులను వేరుచేసి చూసిన ఆ తీర్పు ఇవాళ ఎవరి ఉపన్యాసంలోనూ వినిపించదు. ముద్రల యుద్ధంలో రెండు పక్షాలకూ అది పనికిరాలేదు.

సంఝౌతా ఎక్స్‌ప్రెస్ కేసు ఇంకా బాధాకరం. 2007 ఫిబ్రవరిలో ఆ రైల్లో పేలుళ్లకు 68 మంది బలయ్యారు, ఎక్కువమంది పాకిస్థానీయులు. 2019 మార్చిలో పంచకుల ప్రత్యేక కోర్టు నిందితులను వదిలేసింది. ఆ తీర్పు రాసిన న్యాయమూర్తి, ఇంత ఘోరానికి ఎవరికీ శిక్ష పడకపోవడం తనను తీవ్రంగా బాధిస్తోందని చెప్పి, దర్యాప్తు సంస్థలకు పట్టిన ఒక జబ్బును కూడా ఎత్తిచూపారు. ముస్లిం ఉగ్రవాదం, హిందూ ఛాందసవాదం లాంటి పేర్లు పుట్టించి, నేరస్థుల చర్యను ఒక మతానికో కులానికో అంటగట్టడం తగదని ఆయన భావం. ముద్రల వల్ల కేసులు పాడవుతున్నాయన్న అభిప్రాయం వ్యాసకర్తలది మాత్రమే కాదని, ఆ కేసులను పుట పుటా చదివిన న్యాయస్థానానిది కూడానని ఈ తీర్పు చూస్తే తెలుస్తుంది.

ముద్ర పడటమే కాదు, పడకపోవడం కూడా నిర్ణయాలు చేస్తుంది. ముంబయిలో 1992 డిసెంబరు, 1993 జనవరి అల్లర్లలో సుమారు 900 మంది చనిపోయారు. ఆ మార్చి 12న వరస పేలుళ్లలో 257 మంది చనిపోయారు. పేలుళ్లను ఉగ్రవాదం అన్నాం, ఉగ్రవాద నిరోధక చట్టమైన టాడా కింద ప్రత్యేక కోర్టు పెట్టాం, 100 మందిని దోషులుగా తేల్చాం. అది న్యాయమే. అంతకుముందు జరిగిన హత్యలను ‘అల్లర్లు’ అన్నాం. వాటి మీద శ్రీకృష్ణ కమిషన్ వివరంగా నివేదిక ఇచ్చినా, శిక్ష పడినవారిని వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు. ఇళ్లకు నిప్పుపెట్టి మనుషులను చంపడమూ జనాన్ని భయపెట్టడానికి చేసిన పనే. పేరు మారేసరికి చట్టం మారింది, కోర్టు మారింది, పట్టుదల మారింది.

దీనికి గట్టి అభ్యంతరం ఒకటుంది. చంపేవాడే దేవుడి పేరు చెప్పి చంపుతుంటే, ఆ సంగతి దాచడం నిజాయితీ అవుతుందా అని. ఇది తేలిగ్గా తోసేసే మాట కాదు. పహల్‌గామ్‌లో 2025 ఏప్రిల్‌లో పర్యాటకులను మతం అడిగి మరీ కాల్చారని బతికి బయటపడ్డవారు చెప్పారు. అది చెప్పితీరాలి. ఏ సంస్థ, ఎవరి ఆశ్రయంలో పెరిగింది, ఏ సిద్ధాంతం నూరిపోసింది, ఎవరిని ఎంచి చంపింది అన్నవి వివరంగా రాయాలి. అంత వివరం ఇవ్వలేనప్పుడే ముద్ర అవసరమవుతుంది. లష్కరే తోయిబా అంటే ఒక సంస్థ. దానికి నాయకులున్నారు, డబ్బు దారులున్నాయి, శిక్షణ శిబిరాలున్నాయి. ‘ఇస్లామిక్ ఉగ్రవాదం’ అనగానే ఆ దారులన్నీ మసకబారి, గుంటూరులో కిరాణా కొట్టు నడుపుకొనే మనిషి ముందుకొచ్చి నిలబడతాడు. పైగా ఆ ముద్ర హంతకులకే మేలు చేస్తుంది. 2006 ఆగస్టులో అమెరికా అధ్యక్షుడు బుష్, తమ దేశం ‘ఇస్లామిక్ ఫాసిస్టుల’తో యుద్ధంలో ఉందన్నారు. రెండేళ్లు తిరగకుండానే ఆయన ప్రభుత్వంలోని ఉగ్రవాద నిరోధక విభాగాలే అలాంటి మాటలు, ‘జిహాదీ’ అన్న మాట సైతం, వాడవద్దని అధికారులకు సూచనలిచ్చాయి. తాము ఒక మతం తరఫున పోరాడుతున్నామని చెప్పుకోవడమే అల్‌ఖైదా బలం, మనమూ అదే పేరుతో పిలిస్తే వాళ్లడిగిన గుర్తింపును మనమే ఇచ్చినట్టవుతుందని వారి లెక్క. 2014లో ఫ్రాన్స్ ప్రభుత్వం ‘ఇస్లామిక్ స్టేట్’ అనడం మాని ‘దాయిష్’ అనడం మొదలుపెట్టింది కూడా ఇదే ఆలోచనతో.

ముస్లింలందరూ ఉగ్రవాదులు కారుగానీ ఉగ్రవాదులందరూ ముస్లింలేనన్న మాట మరొకటి ఇరవై ఏళ్లుగా చలామణిలో ఉంది. తెలుగు నేల మీద నిలబడి ఈ మాట అనడానికి చాలా మరుపు కావాలి. 2003 అక్టోబరు 1న అలిపిరి దగ్గర అప్పటి ముఖ్యమంత్రి చంద్రబాబు నాయుడి కారు లక్ష్యంగా మందుపాతరలు పేల్చింది నక్సలైట్ల పార్టీ పీపుల్స్‌వార్. దశాబ్దాలపాటు మన పల్లెల్లో నెత్తురు పారించిన ఆ పోరులో రెండువైపులా ఉన్నవారిలో ఎక్కువమంది హిందూ కుటుంబాల్లో పుట్టినవారే. దాన్ని ఎవరూ వారి పుట్టుక పేరుతో పిలవలేదు. పార్టీ పేరుతో పిలిచాం, రాజకీయాన్ని రాజకీయంగా విమర్శించాం. సరిగ్గానే చేశాం. రాజీవ్ గాంధీని 1991లో పొట్టన పెట్టుకున్న ఎల్‌టీటీఈ విషయంలోనూ అంతే. అలా చేయని చోట ఏమైందో 1984 చెబుతుంది. ఇందిరా గాంధీని చంపింది ఇద్దరు అంగరక్షకులు. దానికి మూల్యం తలపాగా కనిపించిన ప్రతివాడి నుంచీ వసూలు చేశారు. ఒక్క ఢిల్లీలోనే, అధికారిక లెక్క ప్రకారమే, 2,733 మంది సిక్కులను చంపారు.

మతం మాటే ఎత్తకపోతే యువకులు ఎలా ఆ దారి పడుతున్నారో తెలుసుకోవడమెలా అని పరిశోధకులు అడగవచ్చు. మత గ్రంథాలను వక్రంగా బోధించేవారిని, ద్వేషాన్ని భక్తిగా అమ్మేవారిని తప్పకుండా అధ్యయనం చేయాలి. ఆ పనికి పదునైన మాటలే కావాలి, అరిగిపోయిన తిట్లు కాదు. ‘ఫండమెంటలిస్టు’ అన్న మాట 1920లో అమెరికాలో ఒక బాప్టిస్టు సంపాదకుడు తనవంటి క్రైస్తవులకు గర్వంగా పెట్టుకున్న పేరు. మన ‘ఛాందసుడు’ ఒకప్పుడు వేదం చదువుకున్నవాడు. రెండూ నిందలయ్యాక ఏదీ కచ్చితంగా చెప్పలేని మాటలయ్యాయి. 2021లో ఆస్ట్రేలియా నిఘా సంస్థ తన నివేదికల్లో మతాల పేర్లు, కుడి ఎడమల పేర్లు మాని, హింసకు ప్రేరణ మతపరమైనదా, భావజాలపరమైనదా అని మాత్రమే వర్గీకరించడం మొదలుపెట్టింది. అంతకు రెండేళ్ల ముందు క్రైస్ట్‌చర్చ్ మసీదుల్లో 51 మందిని చంపినవాడు ఆస్ట్రేలియా పౌరుడే.

తెలుగు పత్రికల, టీవీల డెస్కుల్లో పనిచేసేవారి చేతిలో ఈ విషయంలో చాలా ఉంది. పేలుడు జరిగిన తొలి గంటలోనే ముద్ర పడుతుంది. 1995లో ఓక్లహోమా సిటీలో 168 మందిని చంపిన బాంబు పేలగానే అమెరికా టీవీల్లో మధ్యప్రాచ్యం పేరు మోగింది, చేసింది అమెరికా మాజీ సైనికుడు. 2011లో నార్వేలో 77 మందిని చంపింది కూడా తొలి గంటల్లో అందరూ ఊహించినవాడు కాదు, ఆ దేశస్థుడే. ఆ తొలి గంటలో విలేకరికి నిజంగా తెలిసేవి కొన్నే ఉంటాయి. ఎక్కడ పేలింది, ఎప్పుడు పేలింది, ఎంతమంది చనిపోయారు, ఏ ఆసుపత్రికి రక్తం కావాలి. పోలీసులు ఎవరినైనా అనుమానిస్తున్నామంటే అది పోలీసుల మాటగా, ఏ అధికారి అన్నారో ఆ పేరుతో రాయవచ్చు. పట్టుకున్నవారిని నిందితులు అనాలి, ‘ముష్కరులు’ అనకూడదు. వదిలేసిన రోజున ఆ వార్త కూడా, అరెస్టు వార్త వేసిన పేజీలోనే, అంతే పెద్ద అక్షరాలతో వేయాలి.