రంగు పట్టిచ్చే రహస్యం

పిల్లవాడికి మాటలు ఆలస్యమైనా, చదువు ఒంటబట్టకపోయినా లోకం ముందు తల్లినే అడుగుతుంది: "కడుపుతో ఉన్నప్పుడు ఏం తిన్నావమ్మా?" అని. అలాంటి పిల్లల్లో కొందరికి ఉన్నది ఫ్రాజైల్ ఎక్స్ అనే వంశపారంపర్య లోపం.

మన జీవకణాలలో జన్యువుల ఆదేశం ప్రకారం మాంసకృత్తులు తయారవుతుంటాయి. మెదడులో ఆ తయారీ హద్దు మీరకుండా పగ్గం వేసేది ఎఫ్.ఎం.ఆర్.పి. అనే మరో మాంసకృత్తు. దాని జన్యువును 1991లో కనుగొన్నారు. ఆ జన్యువు మూగబోతే పగ్గం జారినట్టే.

మరి కంటికి కనపడని ఈ పదార్థం కణంలో ఉందో లేదో తెలిసేదెలా? ఎలుకల సాయంతో తయారుచేసిన యాంటీబాడీ దాన్ని వెతికి పట్టుకుంటుంది. పట్టుకున్నచోట రంగు తేలేటట్టు చేస్తారు. 1995లో నెదర్లాండ్స్ శాస్త్రజ్ఞులు ఒకటి రెండు రక్తపు చుక్కలతోనే ఈ పరీక్ష చేసి చూపారు. ఆరోగ్యవంతుల తెల్లకణాలలో రంగు కనిపించింది. లోపమున్న మగపిల్లల కణాలలో చాలావాటికి రంగే లేదు.

ఆడపిల్లలకు రెండు ఎక్స్ క్రోమోజోములు. అందుకని లోపమున్నా కొన్ని కణాలలో రంగు కనిపిస్తుంది, ఫలితం తికమక పెడుతుంది. కాబట్టి రోగనిర్ధారణకు జన్యుపరీక్షే ఆధారం. యాంటీబాడీ మాత్రం పరిశోధనశాలల్లో నేటికీ పనిచేస్తూనే ఉంది.

ఈ లోపం తల్లి తిన్న తిండివల్ల రాదు. అది ఆమెకు కన్నతండ్రి నుంచి కూడా సంక్రమించి ఉండవచ్చు. పూర్తిగా నయంచేసే మందు లేకపోయినా, మాట నేర్పే శిక్షణ పిల్లవాడికి మేలు చేస్తుంది. అనుమానముంటే డాక్టరుగారిని అడగండి. నిందలతో కాలం పోనివ్వకండి.