నిచ్చెన యెక్కుట

వైకుంఠపాళి నాడని బాలుడు మన సీమలో నరుదు. పాచిక మంచిగా పడెనా, కాయ నిచ్చెన మీదుగా నొక్క గంతున పై వరుసకు పోవును. చెడుగా పడెనా, పాము నోటబడి క్రిందికి జారును. ఎక్కినవాని నేర్పేమియు లేదు; జారినవాని తప్పేమియు లేదు. కనుకనే యాట ముగిసిన పిమ్మట గెలిచినవాడును ఓడినవాడును నవ్వుచు లేతురు.

నేటి బాలురు కంప్యూటరుమీదను, సెల్‌ఫోనుమీదను ఆడు పోటీ యాటలలోను నొక నిచ్చెన గలదు. దూరదేశములలో నున్న లక్షలాది యాటగాండ్రు ఇంటర్నెట్టు మూలమున ఒకరితో నొకరు తలపడి, ఆ నిచ్చెనమీద మెట్టు మెట్టుగా నెక్కుచు దిగుచు నుందురు. ఇది పాచికలమీద గాక గణితముమీద నిలిచిన నిచ్చెన. అయినను దీని నెక్కువారిలో ననేకులు దాని గణితము నెరుగరు. అందువలన కొందరు లేని గర్వమును, కొందరు అక్కరలేని దుఃఖమును పొందుచున్నారు.

గడచిన వేసవి సెలవుల పిమ్మట తొమ్మిదవ తరగతి విద్యార్థి యొకడు ఒక నోటుపుస్తకము చేతబట్టుకొని మా యొద్దకు వచ్చెను. సెలవులలో హైదరాబాదునందలి తన యన్న కంప్యూటరుమీద ‘లీగ్ ఆఫ్ లెజెండ్స్’ అను ఆట నాడి, ప్రతి యాట ఫలితమును అందు వ్రాసికొనెనట. మొత్తము 200 ఆటలు. గెలిచినవి 98, ఓడినవి 102. సిల్వరు శ్రేణి మూడవ మెట్టున 90 పాయింట్లతో మొదలిడి, అదే మెట్టున 10 పాయింట్లతో ముగించినాడు. మొదట తన జట్టువారే తన్ను చెడగొట్టిరని చెప్పెను. తరువాత కొంతసేపు తలవంచుకొని యుండి, “అయ్యగారూ, ఇంత యాడినను ఒక్క మెట్టు ఎక్కలేకపోతిని. నేను దేనికిని పనికిరానివాడనా?” అని యడిగెను.

ఈ ప్రశ్నకు, ఊరక భుజము తట్టి పంపివేయుట ఉపాధ్యాయులకు తగిన యుత్తరము కాదని మాకు తోచెను. కావున ఆ నిచ్చెన పనిచేయు విధమును విచారించి, వానికి చెప్పినదానినే యిచ్చట అందరి యుపయోగార్థము వ్రాయుచున్నాము.

ఈ పద్ధతికి పుట్టినిల్లు చదరంగము. 1903లో హంగేరీ దేశమున జన్మించి, బాల్యముననే అమెరికా చేరిన ఆర్పాడ్ ఎలో అను నాయన మిల్వాకీ నగరములోని మార్క్వెట్ విశ్వవిద్యాలయమున భౌతికశాస్త్రోపాధ్యాయుడు, చదరంగమున గట్టివాడు. ఆటగాని బలమును మూరతోగాని తక్కెడతోగాని కొలువజాలము గదా. ఫలితములనుబట్టి దానిని లెక్కగట్టు మార్గమును ఆయన కల్పించెను. అమెరికా చదరంగ సమాఖ్య 1960లోను, ప్రపంచ చదరంగ సమాఖ్య 1970లోను దానిని స్వీకరించినవి. ఆయన పేరనే అది నేటికిని ఎలో రేటింగు అని పిలువబడుచున్నది.

దాని సారమిది. ప్రతి యాటగానికిని ఒక సంఖ్య యుండును. ఇద్దరి సంఖ్యలు సమానమైనచో, ఒక్కొక్కడు సగము పాయింటు సంపాదించునని ముందుగా నంచనా. ఒకని సంఖ్య 200 అధికమైనచో, వాడు నూటికి 76 పాళ్లు సంపాదించునని యంచనా. తేడా 400 అయినచో నూటికి 91 పాళ్లు. ఆట ముగిసిన పిమ్మట, అంచనాకును ఫలితమునకును గల భేదమునుబట్టి సంఖ్యను సవరింతురు.

ఒక యుదాహరణము చూతము. ఒక్క యాటకు మారదగిన గరిష్ఠము 20 అనుకొందము. సమానునిపై గెలిచినవానికి 10 పాయింట్లు వచ్చును. ఓడినవానికి 10 పోవును. తనకంటె 200 తక్కువవానిపై గెలిచిన బలవంతునికి 5 పాయింట్లు కూడ పూర్తిగా రావు. ఓడెనా, 15కు పైగా పోవును. బలహీనుడు గెలిచినచో ఆ 15ను వానికే చెందును. అనగా, జరుగునని యందరు నెదురుచూచినది జరిగినప్పుడు తక్కెడ కొంచెమే కదలును. ఎదురుచూడనిది జరిగినప్పుడు ఎక్కువగా కదలును. వర్తకుడు బెల్లము తూచునప్పుడు రాళ్లు వేయుచు తీయుచు ముల్లు నిలుచువరకు సవరించునట్లే, ఈ గణితము ప్రతి యాటతోడను సవరించుచు ఆటగాని యసలు బలమును వెదకుచుండును.

పైకి పోయిన కొలది ఈ తూకమెంత కఠినమో మన తెలుగువారి చరిత్రయే చెప్పును. గుడివాడలో జన్మించిన కోనేరు హంపి 2007లో 2600 దాటి, స్త్రీలలో ఆ సంఖ్యను దాటిన రెండవ వ్యక్తి యయ్యెను. వరంగల్లునకు చెందిన అర్జున్ ఎరిగైసి 2024 డిసెంబరు పట్టికలో 2801తో కనిపించెను. భారతీయులలో విశ్వనాథన్ ఆనంద్ తరువాత 2800 దాటినవాడతడే. అట్టి స్థాయివారికి ఒక్క యాటలో మారదగిన గరిష్ఠము 10 మాత్రమే. తమకంటె 200 తక్కువవానిపై గెలిచిన వచ్చునది 2.4. ఆట సమమైనను 2.6 పోవును. ఓడిన 7.6 పోవును. అంతటివారును ఒక్కొక్క పాయింటునకై యెంత జాగ్రత్త పడవలయునో విద్యార్థులు గ్రహింతురుగాక.

ఇక మన బాలుడాడిన యాటకు వత్తము. ‘లీగ్ ఆఫ్ లెజెండ్స్’ను రయట్ గేమ్స్ అను అమెరికా సంస్థ 2009లో వెలువరించెను. అయిదుగురేసి గల రెండు జట్లు పరస్పరము పోరాడుట దాని రీతి. తొలుత అందును చదరంగమువలె రేటింగు సంఖ్యనే యాటగానికి చూపెడివారు. 2013లో ఆ సంఖ్యను తెరచాటున నుంచి, దాని యెదుట లోహముల పేర్లును రత్నముల పేర్లును గల నిచ్చెన నొకటి నిలిపిరి. ఐరన్, బ్రాంజ్, సిల్వర్, గోల్డ్, ప్లాటినం, ఎమరాల్డ్, డైమండ్ అను ఏడు శ్రేణులలో ఒక్కొక్కదానికి నాలుగేసి మెట్లు. నాలుగవది క్రిందిది, ఒకటవది పైది. ఆపైన మాస్టర్, గ్రాండ్‌మాస్టర్, ఛాలెంజర్ అను మూడు శ్రేణులకు మెట్లు లేవు. వీనిలో ఐరన్, మాస్టర్, గ్రాండ్‌మాస్టర్, ఎమరాల్డ్ తరువాత చేర్చబడినవి.

గెలిచిన పాయింట్లు వచ్చును, ఓడిన పోవును. నూరు నిండిన పై మెట్టు. సున్న చేరిన పిమ్మటను ఓడుచుండిన క్రింది మెట్టు. పూర్వము ఒక శ్రేణినుండి పై శ్రేణికి పోవుటకు ఒక పరీక్షవంటి యాటల వరుస యుండెడిది. ఆపైన దానిని తీసివేసిరి. డైమండు మొదలుకొని పైవారు చాలదినములు ఆడక యూరకున్న పాయింట్లు తరుగును. అన్నిటికిని పైనున్న రెండు శ్రేణులలో పీఠములు ఇన్నియేయని లెక్క గలదు. కావున ఒక్క యాటయు నోడకున్నను, మరియొకడు పాయింట్లలో తన్ను మించినచో పీఠము పోవచ్చును.

ఇంతవరకు బాలురందరు నెరుగుదురు. ఎరుగనిది తెరచాటు సంఖ్య. పైకి కనబడు మెట్టు ఒకటి. యంత్రము లోన దాచుకొను రేటింగు మరియొకటి. ఎవరిని ఎవరితో నాడింపవలయునో నిర్ణయించునది ఈ రెండవదియే. దాచిన సంఖ్య కనబడు మెట్టుకంటె అధికమైనచో, యంత్రము “ఇతడుండవలసిన చోటు పైనున్నది” అని తలచి, గెలిచినప్పుడు ఎక్కువ యిచ్చి, ఓడినప్పుడు తక్కువ తీయును. తక్కువైనచో దీనికి విపర్యయము. రెండును సరిపడినప్పుడు రాకయు పోకయు ఇంచుమించు సమానము.

ఇప్పుడు లెక్క చేయుదము. రాకపోకలు 20 చొప్పున సమానమనుకొందము. నూరాటలలో 50 గెలిచి 50 ఓడినవాడు నున్నచోటనే యుండును. 55 గెలిచి 45 ఓడినవానికి మిగులు 200 పాయింట్లు, అనగా రెండు మెట్లు. ఆట యొకటింటికి అరగంట చొప్పున నూరాటలకు 50 గంటలు. తోడివారికంటె స్పష్టముగా మేలైనవాడు సహితము రెండు మెట్ల కొరకు 50 గంటలు వెచ్చింపవలయును. సమానుడు 50 గంటలు వెచ్చించినను, 500 గంటలు వెచ్చించినను, నేర్పు పెరుగనియెడల మెట్టు పెరుగదు. మన బాలుడు సెలవులలో వెచ్చించినది నూరు గంటలు. ఈ సంగతి మేము నోటుపుస్తకము మీద గుణించి చూపినప్పుడు వాడు పెక్కుసేపు మాటాడలేదు.

ఇక్కడ ముఖ్యమైన మాట యొకటి గలదు. యంత్రము సమానులనే వెదకి యెదుట నిలుపును. నీవు గెలుచుచు పోయినకొలది బలవంతులు వత్తురు. ఓడుచు పోయినకొలది బలహీనులు వత్తురు. కావున బంగారు శ్రేణివాడైనను, ఇనుపశ్రేణివాడైనను, తన తావు చేరినపిమ్మట సగము గెలిచి సగము ఓడుచుండును. 98 గెలుపులు, 102 ఓటములు అనునవి ఆ బాలుడు పనికిరానివాడనుటకు సాక్ష్యము కావు. తక్కెడ ముల్లు నిలిచినదనుటకు సాక్ష్యము. మెట్టు శ్రమకు వచ్చు కూలి కాదు. నేటి నేర్పునుగూర్చిన యంచనా.

మరి జట్టువారి తప్పో? వాని మాటలో కొంత నిజము లేకపోలేదు. ఒక్క యాటలో నలుగురు తోడివారు ఆటను చెడగొట్టవచ్చును. కాని రెండువందల యాటలలో తోడివారు ఆటయాటకు మారుచుందురు. వారిలో చెడ్డవారు నలుగురిలోనుండి రావలయును. ఎదుటి జట్టులోనో అయిదుగురిలోనుండి రావచ్చును. అన్ని యాటలలోను మారక నిలుచువాడు తానొక్కడే. కనుక పెద్ద లెక్కలో తోడివారి తప్పులు ఇరువైపుల సరిపోవును. మిగులునది తన తప్పు. ఈ మాట వినుటకు చేదైనను, ఇందులో నొక మేలు గలదు: తోడివారిని దిద్దుట మన చేతిలో లేదు, తన్ను దిద్దుకొనుట తన చేతిలో నున్నది.

తల్లిదండ్రులకు ఒక మాట. బడి పరీక్షకును ఈ నిచ్చెనకును గొప్ప భేదమున్నది. పబ్లికు పరీక్షలో తరగతియందలి నలువదిమందియు 35 మార్కులు తెచ్చుకొని నలువదిమందియు గట్టెక్కవచ్చును. పొరుగువాడు ప్యాసగుటవలన మనవాడు తప్పడు. నిచ్చెనలోనో ఒకని గెలుపు మరియొకని యోటమి. అందరును పైకి పోవు దినము దానికి రాదు. మీ కుమారుడు “ఇంకొక్క మెట్టు, అంతే” అని రాత్రి మేల్కొన్నయెడల, ఆ మెట్టుపైన ఇంకొక మెట్టున్నదనియు, ప్రతి మెట్టుననుండి పైకి చూచునట్లు ఆ నిచ్చెన కట్టబడినదనియు మీరెరిగి, వానిని కోపముతో గాక గణితముతో నాపుడు. ఆట పాపమని మేమనుట లేదు. మేమును చిన్ననాట వైకుంఠపాళికై దీపపు నూనె ఖర్చు చేయించి చీవాట్లు తిన్నవారమే. లెక్క తెలియక యాడుట నష్టమని మాత్రమే మా మనవి.

తలాంతుల యుపమానమును మన విద్యార్థులందరు నెరుగుదురు. ఐదింటిని పదిగా జేసినవానిని, రెండింటిని నాలుగుగా జేసినవానిని యజమానుడు ఒకేరీతిగా మెచ్చుకొనెను. వారిద్దరిలో ఎవడు పై మెట్టున నున్నాడని అడుగలేదు. ఇచ్చినదానితో ఏమి చేసితివని యడిగెను. నిచ్చెన యడుగు ప్రశ్న మొదటిది. యజమానుడడుగు ప్రశ్న రెండవది. మొదటిదానికి యంత్రము బదులు చెప్పగలదు. రెండవదానికి ఏ యంత్రమును చెప్పజాలదు.

ఆ బాలుడు దసరా సెలవులకు పోయినప్పుడు పండ్రెండాటలు మాత్రమే యాడెనట. ఓడిన ప్రతి యాట తరువాతను, మరల వెంటనే ఆడక, తానెచ్చట తప్పెనో నోటుపుస్తకములో రెండు పంక్తులు వ్రాసికొనెను. ఆ పంక్తులను మాకు చూపెను. వానిలో తోడివారి పేరు ఒక్కచోటను లేదు. “ఇప్పుడే మెట్టున నున్నావు?” అని మేమడిగితిమి. “మూడవ మెట్టే, అయ్యగారూ” అని నవ్వెను.