చట్టం ఎవరిని ఉగ్రవాది అంటుంది?

2007 మే 18, శుక్రవారం. హైదరాబాద్ మక్కా మసీదులో జుమా నమాజు వేళ బాంబు పేలింది. 9 మంది మరణించారు. తర్వాత జరిగిన పోలీసు కాల్పుల్లో మరో 5 ప్రాణాలు పోయాయి. నమాజుకు వెళ్లినవారే బలయ్యారు. ఆ వెంటనే అనుమానం కూడా ముస్లిం యువకుల మీదే పడింది. పలువురిని పట్టుకెళ్లి కుట్ర కేసులు పెట్టారు. చిత్రహింసల ఆరోపణలపై రాష్ట్ర మైనారిటీ కమిషన్ ఒక న్యాయవాదితో విచారణ జరిపించింది. పలువురు నిర్దోషులుగా బయటికొచ్చారు. ప్రభుత్వం 70 మందికి పరిహారం ప్రకటించగా, 2013లో హైకోర్టు ఆ ఉత్తర్వును కొట్టివేసింది.

దర్యాప్తు తర్వాత సీబీఐకి, 2011లో ఎన్ఐఏకు చేరి మరో దారి పట్టింది. చివరకు 2018 ఏప్రిల్ 16న నాంపల్లి ప్రత్యేక కోర్టు ఐదుగురు నిందితులనూ నిర్దోషులుగా విడిచిపెట్టింది. అంటే అటు బిడ్డలను కోల్పోయిన కుటుంబాలకూ, ఇటు నేరం చేయకుండానే జైలు చూసిన యువకులకూ ఇన్సాఫ్ అందలేదు. ఈ రెండు అన్యాయాలకూ మూలం ఒక్కటే. అది తొందరపాటు దర్యాప్తు.

నిర్వచనం ఏమిటి?

ఉగ్రవాదానికి ప్రపంచ దేశాలన్నీ ఒప్పుకున్న ఒకే నిర్వచనం నేటికీ లేదు. ఐక్యరాజ్యసమితిలో ఏళ్ల తరబడి చర్చలు సాగుతున్నా ఏకాభిప్రాయం కుదరలేదు. అందుకే ఒక్కో దేశం తన చట్టం తాను రాసుకుంది. మన దేశంలో 1985లో టాడా వచ్చింది. 1987లో దాన్ని తిరిగి చేశారు. 1995లో గడువు తీరిపోయింది. 2002లో పోటా వచ్చింది, 2004లో రద్దయింది. ఆ రెండింటిలోనూ పోలీసు అధికారి ముందు ఇచ్చిన నేరాంగీకారం సాక్ష్యంగా చెల్లేది. పోటా పోయినా దానిలోని ఉగ్రవాద నిబంధనలు అదే ఏడాది 1967 నాటి చట్టవ్యతిరేక కార్యకలాపాల నిరోధక చట్టంలోకి, అంటే 'ఉపా'లోకి చేరాయి. పోలీసుల ముందు నేరాంగీకారం మాత్రం ఇందులో చెల్లదు.

ఉపా 15వ సెక్షన్ ప్రకారం దేశ సమైక్యతను, భద్రతను దెబ్బతీసే ఉద్దేశంతో గానీ, ప్రజల్లో భయోత్పాతం కలిగించే ఉద్దేశంతో గానీ బాంబులు, ఆయుధాలు, విషపదార్థాలు వాడి ప్రాణాలకు, ఆస్తులకు నష్టం చేయడం ఉగ్రవాద చర్య. ఇందులో ఏ మతం పేరూ లేదన్నది గమనార్హం. చట్టం చూసేది చర్యను, ఉద్దేశాన్ని. అయితే 'మరే ఇతర మార్గంలోనైనా', 'కలిగించే అవకాశం ఉన్నా' అనే మాటలు కూడా అందులో ఉన్నాయి. వీటివల్ల పరిధి బాగా విస్తరించింది. 2019 సవరణతో సంస్థలనే కాక వ్యక్తులను సైతం ఉగ్రవాదులుగా ప్రకటించే అధికారం కేంద్రానికి వచ్చింది. 2024 జులై 1 నుంచి అమలవుతున్న భారతీయ న్యాయ సంహిత 113వ సెక్షన్‌లోనూ ఈ నేరం చేరింది. ఏ చట్టం కింద కేసు పెట్టాలో ఎస్పీ స్థాయికి తగ్గని అధికారి నిర్ణయిస్తారు.

విచారణే శిక్షగా మారితే...

అసలు చిక్కు బెయిలు దగ్గర ఉంది. ఉపా కేసులో చార్జిషీటు వేయడానికి కోర్టు అనుమతితో 180 రోజుల వరకు గడువు దొరుకుతుంది. బ్రిటన్‌లో ఉగ్రవాద అనుమానితుణ్ణి అభియోగం మోపకుండా ఉంచగలిగేది గరిష్ఠంగా 14 రోజులే. ఆరోపణ పైకి నిజమేనని కోర్టుకు అనిపిస్తే బెయిలు ఇవ్వరాదని ఉపా అంటోంది. అయితే విచారణ ఏళ్ల తరబడి సాగకుంటే రాజ్యాంగ న్యాయస్థానాలు బెయిలు ఇవ్వవచ్చని 2021లో నజీబ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. అరెస్టుకు కారణాలు రాతపూర్వకంగా ఇవ్వాలని 2024లో మరో ఉపా కేసులో స్పష్టం చేసింది.

కఠిన చట్టం వద్దని ఎవరూ అనరు. 2013 ఫిబ్రవరి 21న దిల్‌సుఖ్‌నగర్‌లో బాంబులు పేలి అమాయకులు బలయ్యారు. ఆ కేసులో 2016లో ఐదుగురికి మరణశిక్ష పడింది. 2025లో హైకోర్టు దాన్ని ఖరారు చేసింది. నేరం కోర్టులో రుజువైతేనే బాధితులకు న్యాయం దక్కుతుంది. దొరికినవారిని నింపితే జైళ్లు నిండుతాయే తప్ప అసలు దోషి దొరకడు.

చేవెళ్ల, మొయినాబాద్ ప్రాంతాల నుంచి నిత్యం ఎందరో యువకులు పనికీ, చదువుకీ నగరానికి వెళ్తుంటారు. వారి తల్లిదండ్రులు కొన్ని విషయాలు తెలుసుకోవాలి. అరెస్టు చేసిన 24 గంటల్లోగా మేజిస్ట్రేటు ముందు హాజరుపరచాలి. నచ్చిన వకీలును పెట్టుకోవచ్చు. ఈ రెండూ రాజ్యాంగం 22వ అధికరణ ఇచ్చిన హక్కులు. స్తోమత లేకుంటే న్యాయసేవాధికార సంస్థ ఉచితంగా వకీలును ఇస్తుంది. భయపడి ఇంట్లో కూర్చుంటే ఈ హక్కులు కాగితం మీదే మిగిలిపోతాయి. పోలీసు దర్యాప్తుకు సహకరించడం ఎంత బాధ్యతో, హక్కు అడగడం కూడా అంతే బాధ్యత.