పెళ్లికూతురి ఫ్రెండ్స్‌కి గిఫ్ట్ బ్యాగ్: ఎనిమిది చీప్ పవర్ బ్యాంకుల కన్నా ఒక మంచిది మేలు

మే నెలలో మార్కాపురంలో పెళ్లి. ముందు రోజు సాయంత్రం మెహందీ, పాటలు, రీల్స్. హైదరాబాద్, బెంగళూరు నుంచి ఎనిమిది మంది ఫ్రెండ్స్ వస్తున్నారు. ఈ మధ్య మన దగ్గర కూడా దీన్ని బ్యాచిలరెట్ పార్టీ అనే అంటున్నారు. వచ్చినవాళ్లకి తలా ఒక గిఫ్ట్ బ్యాగ్ ఇవ్వాలి. మరి అందులో ఏం పెట్టాలి?

పోయినేడు మా అక్క పెళ్లికి ఈ పని నాకే అప్పజెప్పారు. బ్యాగుకి 700 రూపాయల బడ్జెట్. ఆన్‌లైన్‌లో బ్రాండ్ లేని బుల్లి పింక్ పవర్ బ్యాంకులు ఎనిమిది తెప్పించా. మెహందీ రాత్రే రెండు చేతులెత్తేశాయి. రెండు నెలల తర్వాత ఒక ఫ్రెండ్ ఫొటో పంపింది, తనది పూరీలా ఉబ్బిపోయింది! గిఫ్ట్ ఇచ్చి సారీ చెప్పాల్సి వచ్చింది. ఆ దెబ్బతో నేర్చుకున్నదే ఈ ఆర్టికల్.

బ్యాటరీ: రూమ్‌కి ఒక్కటి చాలు

తలా ఒకటి కాకుండా, ఫ్రెండ్స్ ఉండే రూమ్‌కి ఒక మంచి 20,000 ఎంఏహెచ్ పవర్ బ్యాంక్ కొనండి. పెళ్లయ్యాక అది పెళ్లికూతురికే ఉంటుంది. దాని మీద ఉన్న అంకె మొత్తం ఫోన్‌లోకి రాదు. ఆ లెక్క లోపలి బ్యాటరీ వోల్టేజ్ అయిన 3.7 దగ్గర వేసేది. 20 ఏహెచ్‌ని 3.7తో గుణిస్తే 74 వాట్-అవర్. వోల్టేజ్ మార్చడంలో, వేడిలో కొంత పోతుంది. 5,000 ఎంఏహెచ్ ఫోన్‌కి సుమారు 19 వాట్-అవర్ కావాలి. అంటే రెండున్నర నుంచి మూడు ఫుల్ చార్జింగ్‌లు. అందుకే వెనక చిన్న అక్షరాల్లో ఉండే ‘రేటెడ్ కెపాసిటీ’ చూసి కొనండి.

బీఐఎస్ గుర్తు, దాంతో పాటు ‘ఆర్’ అక్షరంతో మొదలయ్యే రిజిస్ట్రేషన్ నంబర్ ఉండాలి. ఆ నంబర్‌ని బీఐఎస్ కేర్ యాప్‌లో చెక్ చేయొచ్చు. ఫ్లైట్‌లో వెళ్లేవాళ్లకి 100 వాట్-అవర్ లోపు ఉంటే ఇబ్బంది లేదు, కానీ హ్యాండ్ బ్యాగేజ్‌లోనే పెట్టాలి. ఎండలో ఆపిన కారులో మాత్రం అస్సలు వదలొద్దు. మన మార్కాపురం ఎండల సంగతి తెలిసిందే కదా! ఉబ్బితే నొక్కొద్దు, చార్జ్ చేయొద్దు, చెత్తబుట్టలో వేయొద్దు. ఈ-వేస్ట్ తీసుకునేవాళ్లకి ఇవ్వండి.

బ్యాగులో మొదటి ఐటమ్: పొడవైన కేబుల్

కల్యాణ మండపాల్లో ప్లగ్ పాయింట్లు తక్కువ, ఉన్నవి కూడా మంచానికి దూరం. అందుకే మీటర్ కేబుల్ కాకుండా మీటరున్నర, రెండు మీటర్లది తీసుకోండి. ముందే వాట్సాప్ గ్రూప్‌లో ‘ఎవరిది ఏ ఫోన్?’ అని పోల్ పెట్టండి. ఐఫోన్ 15 నుంచి టైప్-సీ, 14 వరకు లైట్‌నింగ్. ఫోన్లకి 60 వాట్ల టైప్-సీ కేబుల్ సరిపోతుంది, 240 వాట్లది కొని డబ్బులు తగలేయొద్దు. కొన్ని బ్రాండ్ల సూపర్ ఫాస్ట్ చార్జింగ్ మాత్రం వాళ్ల సొంత కేబుల్‌తోనే వస్తుంది. మామూలు దానితో ఎక్కుతుంది గానీ నిదానంగా.

స్టీల్ బాటిల్, తాటాకు విసనకర్ర

చిన్న చార్జింగ్ ఫ్యాన్లు ఫొటోలో ముచ్చటగా ఉంటాయి. కానీ 40 డిగ్రీలు దాటాక ఫ్యాన్ ఒంటికి వేడిగాలినే కొడుతుంది. పైగా బ్యాగుకో చీప్ బ్యాటరీ మళ్లీ మొదటికొచ్చినట్టే. అరలీటరు స్టీల్ బాటిల్, తాటాకు విసనకర్ర, తడిపి మెడకి చుట్టుకోడానికి ఒక కాటన్ కర్చీఫ్ పెట్టండి. తడి ఆరేటప్పుడు ఒంట్లో వేడిని లాగేస్తుంది. ఈ టెక్నాలజీకి అప్‌డేట్లు అక్కర్లేదు!

క్యూఆర్ కోడ్ ఒక్కటే నమ్ముకోవద్దు

మండపం లొకేషన్ క్యూఆర్ కార్డు వేయించడం ఇప్పుడు ఫ్యాషన్. కానీ నంద్యాల నుంచి గిద్దలూరు వైపు వచ్చేవాళ్లు నల్లమల దాటాలి. అడవిలో సిగ్నల్ పోతుంది, సిగ్నల్ వెతుక్కుంటూ ఫోన్ చార్జింగ్ కూడా తినేస్తుంది. నెట్ లేకపోతే ఆ లింక్ తెరుచుకోదు. అందుకే మండపం అడ్రస్, ఇంట్లో ఇద్దరి ఫోన్ నంబర్లు కార్డు మీద అక్షరాల్లోనే రాయించండి. ఆ కార్డు ఫొటో బయలుదేరేముందే గ్రూప్‌లో పెట్టండి. మ్యాప్ కూడా ఆఫ్‌లైన్‌లో డౌన్‌లోడ్ చేసుకోమని చెప్పండి. ఘాట్‌లో డ్రైవింగ్ చేసేవాళ్లకి ఏరోప్లేన్ మోడ్ సలహా మాత్రం ఇవ్వొద్దు, సిగ్నల్ వచ్చే చోట ఫోన్ తగలాలి కదా.

పేరు కోసం మన పలకే

ఎనిమిది బ్యాగులూ ఒకేలా ఉంటే రాత్రికల్లా కలిసిపోతాయి. ప్లాస్టిక్ ట్యాగ్ ఎందుకు? మార్కాపురం అంటేనే పలకలు. చిన్న పలక మీద బలపంతో పేరు రాసి బ్యాగులో పైకి కనిపించేలా పెట్టండి. మర్నాడు అదే తుడిచి, పెళ్లి ఫొటోల్లో ఏదైనా రాసి పట్టుకోవచ్చు.

కొనేముందు ప్రతి ఐటమ్‌కీ రెండు ప్రశ్నలు వేసుకోండి: పెళ్లి రోజున వాడతారా? నెల తర్వాత కూడా వాడతారా? రెండింటికీ అవును అంటేనే బ్యాగులో పెట్టండి. మా అక్క ఫ్రెండ్స్‌లో ఒకమ్మాయి పెళ్లి ఈసారి గిద్దలూరులో ఉంది. ఈ లిస్టు ఆమెకే మొదట పంపా. పింక్ పవర్ బ్యాంక్ ఉబ్బింది ఆమెదే మరి!